అత్తగారి అలక ఏ రంగు

హలో… ఆ, నేనే. ఎవరు మాట్లాడేది?…

లేదు, పేరు చూడలేదు. చూడ్డానికి లేదు. కళ్లలో చుక్కలు వేసి మూసుకుని కూర్చోమన్నారు. మోగుతుంటే సంచిలో చెయ్యి పెట్టి తడిమి తీశాను…

ఓ, మరిదిగారా. అదేంటి, గొంతు అంత పీలగా ఉంది?…

సబ్బులాయనా?… సాయంత్రం కదా రావాల్సింది—

బయల్దేరిపోయాడా… ఎంతసేపట్లో?…

ముప్పావు గంట. సరే. నువ్వు కంగారుపడకు. నువ్వు పడితే నేనూ పడతాను, నేను పడితే కళ్లు తెరుస్తాను, తెరిస్తే ఇక్కడ నర్సు ఊరుకోదు. ఇందాకే ఒకాయన్ని తిట్టింది…

రావడమా? ఎలా వస్తాను? నాలుగు గంటలపాటు అంతా మసకేనట. ఇప్పుడు నాకు నువ్వూ గోడా ఒకేలా కనపడతారు…

మామూలుగా కూడా అంతేనని నేననలేదు. నువ్వే అన్నావు.

మీ అన్నయ్యా? నన్నిక్కడ కూర్చోబెట్టి, అట్టపెట్టెలు దింపడానికి వ్యాన్ వేసుకుని వెళ్లారు. ఆయన ఉన్నా ఏం లాభం, కంప్యూటర్ దగ్గరికి వస్తే మౌస్‌ని దుమ్ము తుడిచే గుడ్డలా పట్టుకుంటారు…

ఫొటో తీసి పంపుతావా. పంపు నాయనా. చెవి దగ్గర పెట్టుకుని వింటాను.

అదీ. ఇప్పుడు దారికొచ్చావు. పనంతా నోటితోనే జరగాలి. ఎక్కడున్నావు?… నా గదిలోనేనా. నా కుర్చీలో కూర్చున్నావా?… దాని ఎత్తు మార్చకు.

విను. మావయ్య ఏమన్నారో గుర్తుందిగా…

ఊరికే అన్నారా? ఆయన నెలకి నాలుగు మాటలు మాట్లాడే మనిషి. అందులో రెండు ఊరికే అంటారా? ఇవాళ కూడా సబ్బులాయన మొహం చిట్లిస్తే కంప్యూటర్ అమ్మేసి, ఆ గదిలో కాగితం రీములు పేర్పిస్తారట. నన్ను మళ్లీ బైండింగ్ బల్ల దగ్గర కూర్చోబెడతారట, జిగురు డబ్బా చేతికిచ్చి. ఆరేళ్లు అంటించాను మరిదీ. వేళ్లు ఒకదానికొకటి అతుక్కుని నిద్రలేచేదాన్ని. ఇంక నా వల్ల కాదు. నాకు ఆ గది కావాలి.

ఆ, నువ్వు ప్రింటింగ్ మిషన్ తిప్పేవాడివే, తెలుసు. ఇదీ మిషనే. చప్పుడు చెయ్యదు, అంతే తేడా.

పని చిన్నదే. సబ్బులాయన, సబ్బుకి చుట్టే కాగితం, అదే మన మొదటి రాపర్ చూసి మందుబిళ్లల అట్టలా ఉందన్నాడు. రెండోది చూసి గిన్నెలు తోముకునే సబ్బులా ఉందన్నాడు. సబ్బంటే ఇంట్లో మనిషిలా ఉండాలట. నిన్న విసుగొచ్చి నా దగ్గరున్న రంగులన్నీ స్క్రీన్ మీద వరసగా పెట్టి చూపిస్తే, ఒక్కదాని మీద వేలు ఆనించి, 'ఇదీ, రేపు కాగితం మీద చూపించండి' అన్నాడు. నువ్వు గుమ్మంలోనే ఉన్నావుగా…

ఆ. ఆ ఒక్క రంగు రాపర్‌కి వేసి, ప్రింట్ తీసి, ఆయన చేతిలో పెట్టాలి. నువ్వు ముందే ఏమైనా ముట్టుకున్నావా?…

లేదా?…

మరి అంతసేపు ఆలోచించావేం. సరే. రాపర్ ఫైల్ తెరువు. డెస్క్‌టాప్ మీద 'సబ్బు మూడు' అని ఉంటుంది…

మూడు. ఒకటి తెరిస్తే మందుబిళ్లలు, రెండు తెరిస్తే గిన్నెలు.

వచ్చిందా. కుడిచేతి పక్క నిలువుగా డబ్బాలుంటాయి చూడు. అందులో స్వాచెస్ అనేది… చిన్న చిన్న రంగు గడులు…

లేవా? అయితే పైన మెనూ వరసలో విండో నొక్కు. పొడుగ్గా ఒక జాబితా దిగుతుంది. కింది దాకా వెళ్లు, స్వాచెస్ అని ఉంటుంది, దానిమీద నొక్కు…

దొరికింది కదూ. ఇప్పుడు నీ కళ్లు ఎందుకు మెరుస్తున్నాయో నాకు కనపడకపోయినా తెలుస్తోంది. వాటి జోలికి పోకు. అవి సాఫ్ట్‌వేర్‌తో పాటు వచ్చిన రంగులు. ఎర్రంటే ఎర్ర, పచ్చంటే పచ్చ. సర్కస్ టెంటుకి పనికొస్తాయి. మనకి కావాల్సింది నా ప్యాలెట్, నేను కలిపి పెట్టుకున్న రంగుల వరస.

అది వేరే ఫైల్‌లో దాచాను. ఆ డబ్బాకి పైన కుడి మూల మూడు సన్నటి గీతలుంటాయి, అక్కడ నొక్కు. అందులో స్వాచ్ లైబ్రరీ తెరువు అనేది ఉంటుంది… దానికి పక్కన ఇంకో జాబితా… అన్నిటికంటే కింద 'అదర్' అని… ఆ. ఇప్పుడు ఏ ఫైల్ కావాలని అడుగుతుంది. దాని పేరు—

ఏంటీ?…

'పాత కరెంటు బిల్లులు'. అదే. నీకెలా తెలుసు?…

నేను చెప్పానా? ఎప్పుడు చెప్పాను? ఆ పేరు నా నోటితో ఎవరికీ చెప్పలేదు మరిదీ. ఆ పేరు పెట్టిందే ఎవరూ తెరవకూడదని. మన ఇంట్లో కరెంటు బిల్లని రాసుంటే మూడు గదుల అవతలికి పారిపోతారు అందరూ…

ఊఁ. ఆ సంగతి తర్వాత తేలుద్దాం. తెరువు ముందు.

గడులుగా వచ్చాయా? నాకిప్పుడు గడులు పనికిరావు, నీ కళ్లతో చూడాలి కదా. మళ్లీ ఆ మూడు గీతల దగ్గరే, జాబితాలా చూపించమనే మాట ఉంటుంది. అప్పుడు ప్రతి రంగు పక్కనా పేరు వస్తుంది. పైకి చదవకు. మనసులో చదువుకో—

నవ్వకు.

నవ్వకు అన్నానా. మావయ్య ముందుగదిలోనే ఉన్నారు కదా. ఏంట్రా అంటే కరెంటు బిల్లు చూసి నవ్వుతున్నానని చెప్తావా?

'మరిది బద్ధకం'. ఆ, ఉంది. లేత పసుపు, సగం ఎండలో వెలిసిన కర్టెన్ లాంటిది. మంచి రంగు. ఎక్కడ వేసినా ఏ పనీ చెయ్యదు, పక్క రంగులే చేసుకుపోతుంటాయి…

అలిగితే నీకు ఇంకో రంగు పెట్టాల్సొస్తుంది. 'మామగారి మౌనం' అదిగో, నీలం కలిసిన బూడిద. దాని మీద ఏ అక్షరం పెట్టినా చక్కగా చదవొచ్చు. 'మొగుడి సారీ' లేత గులాబీ. ఉందో లేదో తెలీదు, జాగ్రత్తగా చూస్తే గానీ కనపడదు.

అబ్బే, వేళాకోళానికి కాదు. మొదట్లో నంబర్లే రాసుకున్నాను. నీలం ఇంత, ఎరుపు అంత, పసుపు ఇంత. ఏది దేనికో తెల్లారేసరికి మర్చిపోయేదాన్ని. మనుషుల్నైతే మర్చిపోను కదా. అందుకని మనుషులకి అప్పజెప్పాను. నంబర్లు రాసుకోవడం మానేశాను.

సరే, కిందికి రా. ఏడోదో ఎనిమిదోదో. 'అత్తగారి అలక'. అదే సబ్బులాయన వేలు పెట్టింది…

ఆ, మీ అమ్మగారే. నాకు ఇంకెంతమంది అత్తగార్లున్నారు? నవ్వు ఆపు, టైము పోతోంది.

ఎడమపక్క పైన నల్ల బాణం తీసుకో. రాపర్‌లో వెనకాల పరిచి ఉన్న పెద్ద ముక్క ఉంది చూడు, దానిమీద ఒక్కసారి నొక్కు. చుట్టూ గీత వచ్చిందా… ఇప్పుడు పేరు మీద నొక్కు…

ఏమీ మారలేదా? ఎడమపక్క కింద రెండు చదరాలు ఒకదానిమీద ఒకటి ఉంటాయి. నిండుగా ఉన్నది లోపలి రంగు, చట్రంలా ఉన్నది అంచు రంగు. ఏది ముందుంది?… చట్రమే కదా. నువ్వు అంచుకి రంగు వేశావు, అందుకే కనపడలేదు. కంట్రోల్, జెడ్. వెనక్కి వెళ్లిందా… ఇప్పుడు నిండు చదరం మీద నొక్కి ముందుకి తే. మళ్లీ పేరు నొక్కు…

ఆ. ఎలా ఉంది? ఇటుకకీ ఎండిన గులాబీకీ మధ్యగా ఉండాలి…

పచ్చగానా?…

ఎలాంటి పచ్చ?… తొట్టిలో పాచిలాగా?

మరిదీ. సరైన పేరు మీదే నొక్కావా?… చదువు… అదే. అదే పేరు. మరి పచ్చగా ఎందుకొస్తుంది?…

ఎందుకు మాట్లాడవు?

హలో.

నేను కళ్లు మూసుకున్నాను కానీ నువ్వు తల గోక్కోవడం వినపడుతోంది. చెప్పు…

నాకు ఫోన్ చెయ్యకముందే. ఊఁ. వదినని ఇబ్బంది పెట్టకూడదని. ఎంత మంచివాడివి. ఊఁ… నిన్న నేను తెరుస్తుంటే గుమ్మంలోంచి పేరు చూశావు. బిల్లుల ఫైలే నేరుగా తెరిచావు… పేరు సగమే కనపడుతోందని రెండుసార్లు నొక్కావు… నొక్కితే ఏదో పెట్టె వచ్చింది, అందులో నాలుగు గీతలు, గీతల మీద చిన్న గుబ్బలు… గుబ్బ జరిపావు. ఎందుకు జరిపావు?…

జరుగుతుందేమోనని.

జరిగింది. తర్వాత?… మూసేశావు. మూస్తుంటే సేవ్ చెయ్యనా అని అడిగింది. నువ్వు… చెయ్యమన్నావు. ఎందుకన్నావు?…

మర్యాదగా అడిగిందని.

ఆగు. నాకు కొంచెం ఊపిరి తీసుకోనీ.

లేదు, కంట్రోల్ జెడ్ ఇప్పుడు పనిచెయ్యదు. ఫైల్ మూసేశాక పాతవన్నీ మర్చిపోతుంది, నీలాగే. వేరే కాపీ లేదు. నంబర్లా? ఇందాక ఏం చెప్పాను, నంబర్లు రాసుకోవడం మానేశానని గొప్పగా చెప్పలేదూ? నీ తప్పు సగం, నా తప్పు సగం. ఆ రంగు ఇంకెక్కడా లేదు.

నా నోటితో ఎలా చెప్పను, ఇటుక అంటే నీకు ఒక ఇటుక తోస్తుంది, నాకు ఇంకో ఇటుక. సబ్బులాయనకి వంద ఇటుకలు చూపించినా నిన్నటిదే పట్టుకుంటాడు. ఆయన కళ్లు నీ కళ్లలాంటివి కావు…

ఆగు, ఆగు. ఉంది. ఒకచోట ఉంది.

మీ అమ్మగారి శాలువా. ఉన్నిది, అంచుకి కుచ్చులుంటాయి… ఆ, అదే. ఆ రంగు అందులోంచే తీశాను. అది తెచ్చి స్క్రీన్ పక్కన పెట్టి, ఆ గుబ్బలు మళ్లీ జరపాలి. రెండూ ఒకేలా కనపడేదాకా. ఆ నాలుగు గీతలూ నువ్వు రోజూ మిషన్‌లో పోసే నాలుగు సిరాలే. నీలం, ఎరుపు, పసుపు, నలుపు. పైకి వెళ్లి శాలువా తే…

బీరువాలో ఉందా. తాళం… ఆవిడ నడుముకి. సరే, ఇస్త్రీకి ఇవ్వాలని చెప్పి అడుగు. వదిన చెప్పిందను… ఎందుకని అడిగితే నీకు తెలీదను. అది నీకు అలవాటేగా. ఫోన్ పెట్టెయ్యకు, జేబులో పెట్టుకుని వెళ్లు. మెట్లెక్కేటప్పుడు చప్పుడు చెయ్యకు.

…

క్షమించండి, ఏమన్నారు?… లేదండీ, గొడవేం కాదు. మా మరిది. ప్రెస్సులో చిన్న పని… మీకూ చుక్కలు వేశారా… అన్నీ విన్నారా. పర్లేదండీ. ఇక్కడ ఇంతమంది వరసగా కళ్లు మూసుకుని కూర్చున్నాం, ఇంక చెవులేం చేస్తాయి పాపం… ఆ, ఇస్త్రీ అని చెప్పమన్నాను. నమ్మరంటారా? మీరూ అత్తగారేనా?… అయితే మీకే తెలియాలి.

…

హలో? మరిదీ? ఏమైంది, ఇచ్చారా?…

అత్తయ్యా. ఆ… నేనే…

కళ్లా? బాగానే ఉన్నాయి, ఇంకా పిలవలేదు… శాలువానా? ఏంలేదు అత్తయ్యా, ఇస్త్రీకి—

నిన్ననే ఇస్త్రీ అయిందా. ఎవరు చేశారు?… నేనేనా.

…

వాడిని ఏం అనకండి. వాడికి ఏమీ తెలీదు. ఆ విషయంలో వాడు నిజంగా నిజమే చెప్పాడు.

చెప్తాను. కూర్చోండి ముందు… నిలబడే వింటారా. సరే.

అత్తయ్యా, నేను రంగులకి పేర్లు పెడతాను. కంప్యూటర్‌లో… ఆ, పిల్లలకి పెట్టినట్టే… ఊళ్లో పేర్లు కాదు. మనింట్లోవే… అందరివీ ఉన్నాయి. మీదీ ఉంది…

ఒక్కటే. నిజంగా ఒక్కటే.

మీ శాలువా రంగు. నిన్న సబ్బులాయన అన్నిట్లోకీ అదే కావాలన్నాడు. ఇవాళ పొద్దున అది చెడిపోయింది. మళ్లీ కలపాలంటే శాలువా ఎదురుగా ఉండాలి. అదీ సంగతి…

పేరా?… పేరేముందిలెండి, పని అయ్యాక తీరిగ్గా—

'అత్తగారి అలక'.

…

అత్తయ్యా?

…

ఉన్నారా? ఏదో ఒకటి అనండి. ఇక్కడ పక్కావిడ కూడా ఊపిరి బిగబట్టి ఉన్నారు.

ఏ అలకంటే… మీకు ఎన్నున్నా నాకు లెక్కలోకొచ్చేది ఒక్కటే. మూడేళ్ల కిందటిది. మీ సిరా డబ్బాలు నేను తుక్కులో వేసినప్పటిది…

అవును, మూడు రోజులు. వేళకి తిన్నారు, వేళకి పడుకున్నారు, అందరితోనూ మాట్లాడారు. నాతో తప్ప. ఆ శాలువా నెత్తిమీదుగా కప్పుకుని మెట్ల మీద కూర్చునేవారు. నా గది తలుపు సందులోంచి మీరు కనపడేవారు కాదు, శాలువా అంచు ఒక్కటే కనపడేది. వచ్చి మాట్లాడదామంటే భయం. ఏం చెయ్యాలో తోచక ఆ అంచు రంగు కలపడం మొదలుపెట్టాను. మొదటిరోజు మరీ ఎర్రగా వచ్చింది. రెండోరోజు బురదలా వచ్చింది. మూడోరోజు సాయంత్రం సరిగ్గా కుదిరింది. అప్పుడే మీరు తలుపు తోసి, 'లైటు తీసేసి తిండికి రా' అన్నారు…

మీకు గుర్తులేదేమో. నాకుంది.

తప్పే అత్తయ్యా. మిమ్మల్ని అడక్కుండా ఆ డబ్బాలు తియ్యకూడదు. ఎండిపోయిన సిరా ఎవరికి కావాలి అనుకున్నాను. ఇరవయ్యేళ్లు మీ చేత్తో, రాతిపలక మీద కత్తితో కలిపిన రంగులని నాకప్పటికి తెలీదు. మావయ్య చెప్పాక తెలిసింది. తెలిశాక మీ ముందు నోట మాట రాలేదు. ఇప్పుడు కళ్లు మూసుకుని ఉన్నాను కాబట్టి వస్తోంది.

…

గది కోసమేనా అంటే… గది కోసం కూడా. అబద్ధమెందుకు. గది పోతే నాకు ఏడుపొస్తుంది. కానీ ఈ మాట గది లేకపోయినా చెప్పాల్సిందే. ఎప్పుడో చెప్పాల్సింది.

…

తాళం తీస్తున్నారా. ఆ చప్పుడు వినపడుతోంది…

వాడికివ్వరా?… మీరే దిగుతారా. మోకాళ్లు?… సరే, మీ ఇష్టం. మెల్లిగా. మరిదీ, అమ్మ చెయ్యి పట్టుకో… వద్దంటే వదిలెయ్.

దిగారా… నా కుర్చీలోనా? ఎత్తు సరిపోకపోతే కింద పిడి ఉంటుంది, మార్చుకోండి…

వాడికి మార్చొద్దన్నాను, మీక్కాదు.

మరిదీ, ఫోన్ స్పీకర్‌లో పెట్టి బల్లమీద పెట్టు. శాలువా స్క్రీన్ పక్కన ఆనించు. ఇప్పుడు నువ్వు చేసిన వెధవ పనే మళ్లీ చెయ్యి. పేరు మీద రెండుసార్లు నొక్కు. పెట్టె వచ్చిందా. కింద ప్రివ్యూ అని చిన్న గడి ఉంటుంది, అది నొక్కితే గుబ్బ జరుపుతుంటే రాపర్ కూడా మారుతూ ఉంటుంది. ఇంక అమ్మ చెప్పినట్టు జరుపు.

అత్తయ్యా, ఆ జాబితా మొత్తం చదవకండి. ఆ ఒక్క వరస చూడండి చాలు…

'మొగుడి సారీ', ఆ, మీ పెద్దబ్బాయిదే. ఎందుకంత లేతగా ఉందంటే నన్నడుగుతారేం, పెంచింది మీరేగా…

వినపడింది, నవ్వారు. మరిదీ, అమ్మ నవ్వారు కదూ?

ఆ… ముందు నీలం తగ్గించాలంటున్నారా. తగ్గించు… ఎరుపు పెంచు… ఇప్పుడు?… ఇంకా మట్టిలా ఉందా. నలుపు తీసెయ్యమంటున్నారు. పూర్తిగానా? అత్తయ్యా, నలుపు లేకపోతే తేలిపోదా…

కుచ్చుల్లో ఉన్నది నలుపు కాదా. నీడా.

మూడేళ్లుగా నేను నలుపే అనుకుంటున్నాను.

పసుపు ఒక చిటికెడు. చిటికెడంటే ఎంతని అడుగుతావేంరా, జరుపుతూ ఉండు, ఆవిడ చాలన్నప్పుడు ఆగు…

శాలువాకంటే కొంచెం లేతగా ఆపారా? ఎందుకు?… సిరా ఆరాక ముదురుతుంది. అవును. స్క్రీన్‌కి వెలుగుంది, కాగితానికి లేదు. అందుకేనా, నావన్నీ ప్రింట్‌లోకొచ్చేసరికి మూతి ముడుచుకునేవి? ఇన్నాళ్లూ ప్రింటర్‌ని తిట్టాను. పాపం, అది ఏమీ అనేది కాదు.

సరిపోయిందా?… మీరు సరిపోయిందంటే సరిపోయినట్టే. మరిదీ, ఓకే నొక్కు. సేవ్ చెయ్యి. ఈసారి అది అడక్కపోయినా చెయ్యి. ఆ నాలుగు నంబర్లూ కాగితం మీద రాసి, కాగితం అత్తయ్యకివ్వు. నా దగ్గరుంటే పోతుంది.

ఏంటా చప్పుడు? బైక్ ఆగిందా… వచ్చేశాడా. ఇంకా పది నిమిషాలుందిగా…

మావయ్య ఏం చేస్తున్నారు?… కుర్చీ వేసి, టీ ఇచ్చి, ఎదురుగా కూర్చున్నారా. మాట్లాడకుండా. ఎవరైనా టీ త్వరగా తాగేస్తారు. ప్రింట్ ఇవ్వు, ఇచ్చేశావా… మందపాటి కాగితం పెట్టావుగా…

బయటికొస్తోందా… ఎలా ఉంది?… నువ్వు చెప్పకు. అత్తయ్యా, మీరు చెప్పండి.

…

ఊఁ అన్నారు. ఊఁ అంటే సరే.

మీరే తీసుకెళ్తారా ముందుగదిలోకి?… వెళ్లండి. మరిదీ, నువ్వు ఫోన్ పట్టుకుని గుమ్మంలో నిలబడి ఏం జరుగుతోందో చెప్పు. గుసగుసగా.

…

ఇచ్చారా… చూస్తున్నాడా… మొహం చిట్లించాడా?… కళ్లజోడు తీశాడు. తీస్తే మంచికా, చెడ్డకా?… నీకెలా తెలుస్తుందిలే.

వెలుగులోకి తీసుకెళ్లాడు. ఆ… వాకిట్లోకా… తర్వాత?… వాసన చూస్తున్నాడా? రాపర్‌నా? చూడనీ. సబ్బులు చేసే మనిషి, ఏది చేతికొచ్చినా అంతే.

ఇంకా ఏమీ అనలేదా. ఇక్కడ పక్కావిడ నా చెయ్యి పట్టుకున్నారు.

…

ఏమన్నాడు? మళ్లీ చెప్పు…

'ఇంట్లో మనిషి.' అంతేనా? ఆ రెండు మాటలేనా?… సంతకం?… పెట్టాడు.

…

లేదు, ఏడవట్లేదు. చుక్కలు… సరే, ఏడుస్తున్నాను. నర్సు కళ్లు తెరవద్దంది గానీ ఏడవద్దనలేదు. సంతకం పెట్టాడండీ. ఆ, పెట్టాడు. మీరు పట్టుకున్న చేతి చలువ.

ఎవరికిస్తున్నావు ఫోన్?… మావయ్యకా?

మావయ్యా… చెప్పండి…

…

చెప్పండి మావయ్యా, వింటున్నాను…

గది నాదేనా. రీములు గోడౌన్‌లోనే ఉంటాయి. సరే మావయ్యా. చాలా… చాలా సంతోషంగా ఉంది. ఇంత పెద్ద మాట మాట్లాడించాను మీ చేత, ఇంక ఈ నెలకి చాలు.

అత్తయ్యకా? ఇవ్వండి.

అత్తయ్యా. మీ వల్లే… లేదు, ఊరికే అనట్లేదు. నాకు కళ్లున్నప్పుడు కనపడనిది మీకు కనపడింది…

కండిషనా? ఏం కండిషను?…

రెండో కుర్చీ. ఎక్కడ?… నా గదిలో, నా పక్కన. ఎవరికి?…

రోజూనా అత్తయ్యా?… పొద్దున్నించా?… మధ్యాహ్నం నిద్ర మానేసా?…

అబ్బే, ఇబ్బందేముంది. గది ఇలా వచ్చింది, అప్పుడే సగం అలా వెళ్లిపోతోందని చూసుకుంటున్నాను. రండి. నిజంగానే రండి. ఆ నీడ సంగతి మూడేళ్ల ముందే చెప్పే మనిషి పక్కనుంటే నేనింత జిగురు వాసనకి భయపడేదాన్ని కాదు. నేను మౌస్ పట్టుకుంటాను, మీరు చాలనండి. నాకిష్టమే.

ఇంకేంటి?…

మీరు కూడా ఒకటి పెట్టారా? ఏం పెట్టారు?… రంగా? ఎప్పుడు?… మావయ్య ఆయనకి టీ ఇస్తుంటే. ఎలా చేశారు?… వాడే చూపించాడా. కింద కొత్తది చేసే గుర్తు నొక్కి, గుబ్బలు జరిపి, పేరు రాసి. వాడికి అన్నీ వస్తున్నాయి అవసరమైనప్పుడు.

ఏ రంగు?… చెప్పరా. పోనీ లేతదా ముదురుదా?… ఇల్లంతా కనపడేంత. అమ్మో. పేరేం పెట్టారు?…

చూపు వచ్చాక చూసుకోమంటారేంటి అత్తయ్యా, నాలుగు గంటలు. నాలుగు గంటలు నేనెలా కూర్చోను ఇక్కడ?…

నవ్వుతున్నారు. మావయ్య కూడానా? నవ్వుతున్నది మావయ్యేనా?…

ఆ, వస్తున్నా సిస్టర్, ఒక్క నిమిషం. నా నంబరే పిలిచారు. మరిదీ, నువ్వైనా చదువు. త్వరగా. నీ బద్ధకాన్ని ఇవాళే తీసేస్తాను, మంచి రంగిస్తాను, చదువు…

'కోడలి'… ఆ. 'కోడలి' తర్వాత?… నవ్వు ఆపి చదువు నాయనా. 'కోడలి' తర్వాత ఏముంది?…

హలో?

ఫోన్ లాక్కున్నది మీరేనా అత్తయ్యా?… హలో?… హలో?